అత్తగారి గొంతు పట్టని బిళ్ల

ఆ వీధిలో ఆమెను అందరూ బిళ్లలావిడ అనేవారు. మందుబిళ్లలు కాదు, లక్క బిళ్లలు. గోరంత లక్క బిళ్లను చిన్న దీపం మీద మెత్తబరచి, చెవి వెనక ఎముకకు అంటించుకుని, ఎదుట వినిపించే శబ్దాన్ని శ్రద్ధగా వినడం ఆమె పని. బిళ్ల చల్లారేలోపు విన్నదంతా అందులో శాశ్వతంగా నిలిచిపోతుంది. తరవాత ఎవరు దాన్ని చెవి వెనక పెట్టుకున్నా, ఎప్పుడో తామే అక్కడ కూర్చుని విన్నట్టు, అది ఇప్పుడు గుర్తుకొచ్చినట్టు ఉంటుంది. ఫోనులో రికార్డు చేసుకుంటే పోయేదానికి ఇంత తతంగం ఎందుకని అడిగేవాళ్లూ ఉంటారు. ఫోను విన్నది ఫోనులో ఉంటుంది, మనిషి విన్నది బిళ్లలో ఉంటుంది. ఆ తేడా తెలియనివాళ్లకు చెప్పి లాభం లేదు.

వినేటప్పుడు మనసు పక్కకు పోయిందంటే బిళ్లలో అక్కడ ఖాళీ పడుతుంది. ఆమె బిళ్లల్లో ఖాళీ ఎవరూ చూడలేదు. కొట్టు మూసేస్తున్న ఒక దర్జీకి అతని కుట్టుమిషను చప్పుడు పట్టి ఇచ్చింది. దారం తెగినప్పుడల్లా అతను నాలుకతో చేసే చిన్న చప్పుడు కూడా అందులో పడింది. "నేనిలా చేస్తానని నాకే తెలీదమ్మా" అని దర్జీ నవ్వుకుంటూ వెళ్లాడు.

ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. ఈవిడ రచ్చ గెలిచి ఊరుకుంది. ఇంట్లో అత్తగారున్నారు. కూరలో ఉప్పు, వేయని గొళ్లెం, సరిగ్గా మడవని దుప్పటి, ఆవిడ నోటికి దేనితోనైనా పనే. పొద్దంతా చెవులు అరగదీసుకుని వచ్చిన మనిషి ఇంటికొచ్చి ఇంకేం వింటుంది? మొదట్లో ఒక చెవితో విని ఇంకో చెవితో వదిలేసేది. పోనుపోను ఆ మొదటి చెవికి కూడా శ్రమ ఇవ్వడం మానేసింది. అత్తగారి కొడుకైతే సరేసరి, 'ఊ' కొట్టడంలో అతన్ని మించినవాడు లేడు.

అలాంటి అత్తగారి గొంతులో కంతి లేచింది. ఆపరేషన్ చేసి స్వరపేటిక తీసేయాలని, ప్రాణానికి ఢోకా లేదు గానీ ఇక మాట రాదని డాక్టరు చెప్పాడు. కొడుకు ఆసుపత్రి మెట్ల మీద కూలబడిపోయాడు.

"అమ్మ గొంతు ఒక్క బిళ్లలో పట్టు. అది కూడా లేకపోతే మనకింక ఏం మిగుల్తుంది?" అన్నాడు భార్యతో.

బిళ్లల కొట్టులో ఆమెతో పాటు ఇదే పని చేసే ఇంకొకావిడ ఉంది గానీ, పరాయివాళ్ల చెవిలో నేను మాట్లాడనని అత్తగారు తెగేసి చెప్పారు.

ఆసుపత్రిలో చేరే ముందురోజు మధ్యాహ్నం వంటింటి పక్క గదిలో అత్తాకోడళ్లు ఎదురెదురుగా కూర్చున్నారు. అత్తగారు తల దువ్వుకుని, మనవలకు ఒక దీవెన కంఠతా పట్టి వచ్చారు. బొంగురు గొంతుతోనే తడుముకోకుండా చెప్పారు. బిళ్ల చల్లారాక కోడలు దాన్ని తీసి, మళ్లీ పెట్టుకుని చూసుకుంది. అందులో ఏమీ లేదు.

రెండో బిళ్ల పెట్టింది. దీవెన మళ్లీ మొదటినుంచి సాగింది. అదీ ఖాళీయే. లక్క మంచిదే, వేడీ సరిపోయింది. ఆ గొంతు మొదలుకాగానే ఆమె చెవి తనంతట తానే మూతపడుతోంది. ఇన్నేళ్ల సాధన ఊరికే పోతుందా? ఆమెకు ముచ్చెమటలు పోశాయి. రేపటితో పోయే గొంతు ఎదురుగా ఉంది. దాన్ని పట్టాల్సిన మనిషి తనే, తనకే చేతకావడం లేదు. సిగ్గుతో తల ఎత్తలేకపోయింది.

"పడలేదా?" అన్నారు అత్తగారు.

"లేదత్తయ్యా. ఈ లక్క..." అనబోయి ఆగింది. "లక్క బాగానే ఉంది. నేనే వినట్లేదు."

"అదేమన్నా కొత్తా?" అన్నారు ఆవిడ నెమ్మదిగా.

ఆ మాట మాత్రం చెవి దగ్గర ఆగకుండా లోపలికి దిగింది. ఆవిడ ఏమంటారో ముందే తెలుసని తాను అనుకోవడమే ఇన్నాళ్లూ చెవికి అడ్డమని కోడలికి అప్పుడు తట్టింది. మూడో బిళ్లను మెత్తబరచి అంటించుకుంది.

"దీవెన వద్దత్తయ్యా. ఒకటి అడుగుతాను, ఉన్నదున్నట్టు చెప్పండి. పొద్దున లేచింది మొదలు మమ్మల్ని అలా ఎందుకు సాధిస్తారు?"

అత్తగారు దువ్వుకున్న తలనే మళ్లీ సవరించుకున్నారు. బిళ్ల చల్లారిపోతుందేమోనని కోడలికి ఒకటే ఆదుర్దా.

"సాధించాలని కాదమ్మాయ్. మీ మామయ్య పోయాక ఎవరితో మాట్లాడాలో తెలిసేది కాదు. పలకరిస్తే మీరు ఊ అంటారు, అంతటితో సరి. అదే ఉప్పెక్కువైందంటే, కోపంగానైనా ఇటు తిరిగి చూస్తారు." ఒక్క క్షణం ఊపిరి పీల్చుకున్నారు. "కూర బాగానే ఉండేది. చాలాసార్లు."

ఒక్క అక్షరం పొల్లుపోలేదు. కోడలు బిళ్లను తీసి పక్కన పెట్టింది. వచ్చిన ఏడుపును ఆపుకోలేదు.

ఆపరేషన్ బాగానే జరిగింది. ఇంటికి తీసుకొచ్చిన రోజున కొడుకు బిళ్ల పెట్టుకుని విన్నాడు. విని, తల్లి మంచం పక్కన చేరాడు.

"ఆ రోజు నువ్వలా అంటుంటే నా ప్రాణం ఉసూరుమందమ్మా" అన్నాడు.

అతను అబద్ధమాడటం లేదు, బిళ్ల గుణమే అంత. పిల్లలూ అలాగే అన్నారు. గొంతున్నన్నాళ్లూ ఆవిడ దగ్గర ఒక్కరూ కూర్చోలేదు, ఇప్పుడు ఇంటిల్లిపాదీ కూర్చుని విన్నవాళ్లే. కోడలికి ఒళ్లు మండింది. మీరెక్కడ విన్నారని అడగబోయింది గానీ, తాను విన్నది మాత్రం ఎంత? ఒక్క మధ్యాహ్నం. నోరు మూసుకుంది.

అత్తగారు కొడుకు మీదుగా కోడలి వైపు చూసి పెదవులు కదిపారు. శబ్దం రాలేదు. కోడలికి అర్థం కాలేదు. ఆవిడ మళ్లీ కదిపారు. కోడలు చేతిలో పని కింద పెట్టి, దగ్గరగా జరిగి, ఏమంటున్నారో తెలిసేదాకా ఆ పెదవులనే చూస్తూ కూర్చుంది.