పది నిమిషాల ఉడుకు

సోమవారం ఉదయం ఆరూ పదికి మా పక్కింటి అక్కయ్య దోహా ఆసుపత్రిలో గుండెపోటుతో చనిపోయారు. వయసు యాభై రెండు. దోహా శివారు ముఐథర్‌లో రెండు వాటాల ఇంట్లో ఆరేళ్ళుగా ఆవిడది అవతలి వాటా, నాది ఇవతలిది. ఆవిడ గురించి మన తెలుగు సంఘంలో మీలో చాలామందికి తెలిసిన విషయం ఒకటుంది. అది నిజం కాదు. అలా అనుకునేలా చేసింది నేను.

ఆవిడది కాకినాడ. బావగారి ఉద్యోగం మొదట ఖతార్‌లోనే దుఖాన్ అనే చమురు ఊళ్ళో. అక్కడి కంపెనీ క్వార్టర్స్‌లో పక్కింటి మెక్సికో ఇంజనీరు భార్య దగ్గర వాళ్ళ దేశపు బీన్స్ ముద్ద అక్కయ్య నేర్చుకున్నారు. ఇద్దరికీ వచ్చిన భాష ఒక్కటీ లేదు. ఒకరి పొయ్యి దగ్గర ఒకరు నిలబడి చూసుకున్నారు, అంతే. పంది కొవ్వు ఇక్కడ దొరకదని ఆమె సైగలతో వాపోతే అక్కయ్య నెయ్యి ఇచ్చారు. ఆమె గరిటె వెనకవైపుతో గింజలు నలపడం చూడలేక పప్పుగుత్తి తెచ్చి చేతిలో పెట్టారు. కువైట్ యుద్ధం ముగిసిన ఏడాది దోహాకు మారినప్పుడు ఆ పప్పుగుత్తి దుఖాన్‌లోనే ఉండిపోయింది.

“అంత ముచ్చటపడితే వెనక్కి ఎలా అడుగుతాం తమ్ముడూ? మా అమ్మ ఇంకోటి పంపింది” అన్నారు నాతో.

ఆ వంట నేను చాలా శుక్రవారాలు చూశాను. ముందురోజు రాత్రి రాజ్మా గింజలు నానబోసేవారు. పొద్దున్నే ఆ నీళ్ళు పారబోసి, కొత్త నీళ్ళతో పొయ్యి మీద పెట్టి గోడ గడియారం చూసేవారు. “మొదటి పది నిమిషాలు కుతకుతా ఉడకాలి. ఆ తర్వాత సన్న సెగ మీద నీ ఇష్టం. ఈ పది నిమిషాల దగ్గర మాత్రం బేరాల్లేవు.” గింజ మెత్తబడ్డాక మూకుడులో నెయ్యి, ఉల్లిపాయ, వెల్లుల్లి, కాస్త జీలకర్ర. గింజలు వేసి మెదుపుతూ, ఉడికిన నీళ్ళు గరిటెడు గరిటెడు పోసేవారు. ముద్ద మూకుడుని వదిలితే అయినట్టు. వేడి ఖుబూస్ రొట్టెతో నాకొక పళ్ళెం గోడ మీదుగా వచ్చేది.

మూడేళ్ళ కిందట నేను పనిచేసే ఇంగ్లీషు పత్రిక శుక్రవారం వంటల పేజీకి ఆ వంట రాశాను, ఆవిడ పేరుతో. తీరిక లేనివాళ్ళు పది నిమిషాలు మరిగించాక, కరెంటు మీద గంటల తరబడి సన్నగా ఉడికించే స్లో కుక్కర్‌లో వేసుకోవచ్చని కూడా ఆవిడే చెప్పారు. పేజీ సిద్ధమయ్యాక తివాచీల ప్రకటన ఒకటి వచ్చింది. చోటు కోసం కొన్ని లైన్లు తీయాల్సి వచ్చింది. గింజలు మరిగించాలని ఎవరికి తెలియదు అనుకుని ఆ లైను కొట్టేశాను. స్లో కుక్కర్ మాట ఉంచాను.

పచ్చి రాజ్మాలో ఉండే విషం సరిగా మరగకపోతే పోదు. స్లో కుక్కర్ వేడి దానికి చాలదు. ఈ రెండూ నేను తర్వాత తెలుసుకున్నాను. అక్కయ్యకు ముందే తెలుసు.

నిజామాబాద్ కుటుంబం ఒకటి అచ్చయినది అచ్చయినట్టు వండుకుంది. ముగ్గురు వాంతులతో ఆసుపత్రిలో చేరి, రెండో రోజు ఇంటికి వచ్చారు. ఆ నెల మన సంఘం భోజనాల్లో ఆ ఇంటావిడ అందరి ముందూ అంది: “ఏమక్కా, నీ గింజలు పాణం మీదికి తెచ్చినయ్ గదా! ఇంకోపారి నీ వంట తినాల్నంటే డాక్టర్‌ను పక్కన కూసోబెట్టుకుంట.” అందరూ నవ్వారు. అక్కయ్యా నవ్వారు. నేను రెండడుగుల దూరంలో పళ్ళెం పట్టుకుని ఉన్నాను. నోరు విప్పలేదు.

మర్నాడు ఆవిడ దగ్గరికి వెళ్ళాను. “అక్కయ్యా, ఆ లైను తీసేసింది నేనే.”

“తెలుసు. నేను చెప్పింది నాకు గుర్తుండదా?”

“అందరికీ చెప్తాను.”

“చెప్పు తమ్ముడూ. నీకు వీలైనప్పుడే చెప్పు. కానీ చెప్పు.”

ఆఫీసులో సవరణ సంగతి ఎత్తాను. “ఎవరైనా ఫిర్యాదు రాశారా?” అన్నారు ఎడిటర్. లేదన్నాను. “అయితే వదిలెయ్.” నాకు ఊరట కలిగింది. మళ్ళీ అడగలేదు. ఆవిడా నన్ను అడగలేదు. గోడ మీదుగా పులిహోర వచ్చింది, పప్పుచారు వచ్చింది. ఆ బీన్స్ ముద్ద మళ్ళీ రాలేదు. సంఘం భోజనాలకు ఆవిడ అప్పడాలు మాత్రం తెచ్చేవారు.

సోమవారం సాయంత్రం వాళ్ళ వంటింట్లో గట్టు మీద స్టీలు గిన్నెలో నానిన రాజ్మా కనిపించింది. గింజలు ఉబ్బి, కొన్నింటి తొక్కలు విడిపోయి ఉన్నాయి.

“నిన్న రాత్రి నానబోసింది” అన్నారు బావగారు. “మూడేళ్ళయింది, మర్చిపోయుంటార్లే, ఈసారి భోజనాలకి చేసి పట్టుకెళ్తానంది. ముందు ఇంట్లో ఒకసారి చేసి చూసుకుంటానంది. వీటినేం చెయ్యమంటావయ్యా?”

నీళ్ళు పారబోసి, కొత్త నీళ్ళు పోసి పొయ్యి మీద పెట్టాను. మరగడం మొదలయ్యాక గడియారం చూస్తూ నిలబడ్డాను. ఆ పది నిమిషాలూ మంట తగ్గించలేదు. పత్రికలో అది ఒక్క లైను.

ఈ సంఘ పత్రిక గురువారం సాయంత్రం భోజనాల దగ్గర మీకు అందుతుంది. ఈసారి మా ఎడిటర్‌ను మళ్ళీ అడిగి ఒప్పించాను. శుక్రవారం మా పత్రిక వంటల పేజీ అడుగున మూడు లైన్ల సవరణ వస్తుంది: మరిగించాలన్న సూచన వంట చెప్పినవారు ఇచ్చారని, విలేకరి తీసేశాడని. ఏ ప్రకటన వచ్చినా దాన్ని కదపొద్దని పేజీ పెట్టే అతనికి చెప్పాను. అక్కయ్యను తీసుకెళ్ళే బొంబాయి విమానం అదే రోజు మధ్యాహ్నం రెండున్నరకు. బావగారు ఒక కాపీ వెంట తీసుకెళ్తానన్నారు. ఉదయం ఐదింటికి ప్రెస్ నుంచి నేను తెచ్చిస్తాను.