టపాకాయకు ముందు ఒక కేక

నా పుట్టిల్లు పుంగనూరు వైపు, మెట్టినిల్లు రామకుప్పం దగ్గర. మా ఆయన మిలిటరీలో ఉండి, సరిహద్దులో జరిగిన పోరులో ఇద్దరు తోటివాళ్లను కళ్లముందే పోగొట్టుకుని ఇల్లు చేరాడు. మదనపల్లెలో ఒక బట్టల షాపులో వాచ్‌మన్‌గా కుదిరితే, ఎవరో షట్టర్ దబాలున దించారట, ఈయన బల్ల కిందికి దూరాడట. మర్నాడే బస్సెక్కి వచ్చేశాడు. ఇక మాకున్నది ఎకరా రాగి చేను.

మా వైపు చేలల్లోకి ఏనుగులు దిగితే ఊరంతా ఉరకాల్సిందే. డబ్బాలు కొట్టేవాళ్లు కొడతారు, టపాకాయలు పేల్చేవాళ్లు పేలుస్తారు. కుప్పంలో కొన్న టపాకాయల సంచి ప్రతి ఇంటి అటక మీదా ఉంటుంది. మొదటిసారి మా ఆయన అందరికన్నా ముందు ఉరికాడు. వెనక ఒకటి పేలిందో లేదో, చేలో బోర్లా పడి రెండు చేతులూ నెత్తిన పెట్టుకున్నాడు.

“తుపాకీ మోసినోడు టపాకాయకు పడిపోయినాడే” అన్నాడు పక్క చేను ఆయన. అందరూ నవ్వారు. ఆ రోజు నుంచి ఈయన గడప దాటలేదు. అన్నం కూడా గోడ వైపు తిరిగి తినేవాడు. మనిషి ఇట్లాగే ఉండిపోతాడేమోనని నాకు గుబులు పట్టుకుంది.

ఇల్లిల్లూ తిరిగాను. పేల్చే ముందు ఒక కేక వేయండి, ఆయనకు తెలిస్తే చాలు అన్నాను. పక్క చేను ఆయన బుగ్గ గోక్కున్నాడు.

“కేకేస్తే ఏనుగు గూడా వింటాది గదమ్మా?”

“విననీలేప్పా, అదీ మూటాముల్లె సర్దుకుంటాది” అన్నాను. నవ్వాడే గానీ సరేననలేదు.

ఆ వారమే, పొద్దు గుంకకముందే, మూడు ఏనుగులు నేరుగా మా చేలోకే దిగాయి. డబ్బా పట్టుకుని పరిగెత్తాను. వెనక్కి చూస్తే గట్టు మీద మా ఆయన! పక్క చేను ఆయన చేతిలో అగ్గిపెట్టె ఉంది. గీయబోయి, ఆగి, ఇటు తిరిగాడు.

“అప్పా, ఏస్తాండా!”

మా ఆయన గట్టు మీద కూలబడి, గడ్డి గుప్పిళ్లతో పట్టుకుని, కళ్లు మూసుకున్నాడు.

“ఊఁ, ఏసేయ్” అన్నాడు.

పేలింది. ఆయన భుజాలు అదిరాయి, మనిషి మాత్రం పడలేదు. అవతలి వైపు నుంచి ఇంకో కేక, ఇంకో జవాబు. మూడో దానికి లేచి నిలబడి, అడవి దోవకు అడ్డం రావద్దని అందరినీ పక్కకు అదిలిస్తున్నాడు. ఏనుగులు అటే పోయాయి. సగం చేను తొక్కిపోయాయి, అయినా నేను డబ్బా మోగిస్తూనే ఉన్నాను.

మొన్న ఆయన ఒక్కడే కుప్పం సంతకు పోయిన రోజున ఏనుగు వచ్చింది. మావాళ్లు అలవాటు కొద్దీ కేకవేసి, జవాబు కోసం ఆగారు. ఆగినంతసేపూ అది తీరిగ్గా మేసింది.