కేబుల్‌కి పెట్టిన బొట్టు

మా ఆయన గరివిడిలో కారు షెడ్డు పెట్టిన ఏడాది అది. కారులో లోపాన్ని ల్యాప్‌టాప్‌లో చూపించే కేబుల్ దసరా తర్వాత పనిచేయడం మానేసింది. వచ్చిన కార్లన్నీ వెనక్కి పోతుంటే, షెడ్డుకి తాళం వేసేస్తానంటూ ఆయన అన్నం ముట్టడం లేదు. నేనే దాన్ని పట్టుకెళ్తే, కేబుల్ అమ్మిన శ్రీకాకుళం దుకాణంవాళ్లు చూసి, ఇక పారేయమన్నారు.

అక్కడి బస్టాండులో పాపని ఒళ్లో వేసుకుని ఏడుస్తూ కూర్చున్నాను. పక్కన ల్యాప్‌టాప్‌తో ఉన్న ఒకాయన నా చేతిలోకి చూశాడు.

"అదేటమ్మా, కేబుల్ పీక అలా నులిమేస్తన్నావు?"

సంగతి చెప్పాను. ఆయన దాన్ని ల్యాప్‌టాప్‌కి తగిలించి, కేబుల్‌లో ఏ చిప్పు, దాన్ని నడిపే ఏ ఫర్మ్‌వేర్ ఉన్నాయో చెప్పే చిన్న సాఫ్ట్‌వేర్ తెరిచాడు. తెర మీద కేబులే లేదని వచ్చింది. ఆయన కేబుల్ ఊడదీసి, ల్యాప్‌టాప్‌కి తగిలించే కొసని వెలుతురులో తిప్పి చూశాడు.

"దీనికి బొట్టెవులెట్టినారు?"

"మా ఆయన. ఆయుధపూజకి."

"మూతినిండా కుంకమెట్టీసి మాటాడమంటే ఏటి మాటాడతాది? పిన్నీసుందా?"

పుస్తెలతాడుకున్న పిన్నీసు తీసి ఇచ్చాను. గట్టిపడిన కుంకుమ గీకి మళ్లీ తగిలించాడు. తెర మీద చిప్పు పేరు, ఫర్మ్‌వేర్ నంబరు వచ్చాయి.

"సూడు, బతికే ఉన్నాది. ఏడుపాపి బస్సెక్కు."

ఇప్పుడు ఆయుధపూజకి కేబుల్‌కి బొట్టు తీగ మీదే పెడతాం. స్పానర్ల పక్కన ఆ పిన్నీసు కూడా ఉంటుంది. దానికి బొట్టు నేనే పెడతాను.