ఇంటికి ఇవ్వబడదు

మా బావ పోయిన సంగతి నాకు మనిషి వచ్చి చెప్పలేదు. అక్క ఫోను రాకముందే ఆళ్లగడ్డ కేబుల్ వాళ్ల వాట్సాప్ గ్రూపులో ఆయన ఫొటో పెట్టి, కింద మూడు ఇంగ్లీషు అక్షరాలు వేశారు. నంద్యాల బస్టాండులో అది చూశాను. కేబుల్ సంగతులన్నీ తెలుగులో ఉండాలని ఏళ్ల తరబడి రాసిన మనిషికి చివర్లో ఒక్క తెలుగు మాట కూడా దక్కలేదు.

ఆయన మా అక్క మొగుడు. ఆళ్లగడ్డలో కేబుల్ కనెక్షన్లు ఇచ్చేవాడు. నేను ఆయన దగ్గర వైర్లు లాగేవాణ్ణి. మా ఊరి బడిలో చదివిందే నా చదువు. రాయడం నా పని కాదు. ఇంకెవరూ రాసేటట్టు లేరు, అందుకని రాస్తున్నాను.

కోయిలకుంట్ల దారిలో ఒక పల్లెలో కేబుల్ నడిపే మనిషి ఉండేవాడు. ఒకరోజు అధికారులు వచ్చి ఆయన సామాను పట్టుకుపోయారు. కేబుల్ నడిపేవాడు పోస్టాఫీసులో రిజిస్టరు చేసుకోవాలని రూలు ఉందంట, అది చేసుకోలేదని తప్పు పెట్టారు. ఆ మనిషి కాగితం పట్టుకొని మా బావ దగ్గరికి వచ్చాడు.

"కేబులుకూ పోస్టాఫీసుకూ ఏం సంబంధమప్పా? నేనేమన్నా ఉత్తరాలు పంచుతాండానా?"

నాకు నవ్వొచ్చింది. మా బావ నవ్వలేదు. కాగితం మొత్తం ఇంగ్లీషు. ఆ మనిషి పోయినాక నాతో అన్నాడు: "వాడు దొంగ కాదు రా. వానికి సదువుకోను పుస్తకం లేదు, అంతే."

అప్పుడు పుస్తకం రాయడం మొదలుపెట్టాడు. కేబుల్ నడిపేవాడికి ఏ రూలు ఏం చెబుతుంది, ఏ యంత్రం ఏం చేస్తుంది, అన్నీ అకారాది వరుసలో. "ముందునుంచి కడాకు ఎవరూ సదవరు బామ్మర్దీ. ఇబ్బంది వచ్చినప్పుడు తీస్తారు. అట్లాంటి పుస్తకం ఇది." మంచం నిండా ఇంగ్లీషు పుస్తకాలు పరుచుకొని, ఆయన కింద కూర్చునేవాడు.

"నన్ను కట్టుకోని, ఆ పుస్తకంతో కాపరం చేస్తాండాడు మీ బావ" అనేది అక్క.

"అది అన్నం వండదు గదా. ఇద్దురూ ఉండాల్సిందే" అనేవాడు ఆయన, తలెత్తకుండా.

టీవీలో బొమ్మ సరిగా రాక తెల్లచుక్కలు పారాడితే మా వైపు చీమలు పడుతున్నాయంటారు. ఆ మాటను ఆయన చ అక్షరం కింద వేశాడు. అది చూసి కేబుల్ సంఘం పెద్ద ఎగతాళి చేశాడు.

"కేబుల్ పుస్తకంలో చీమలేందన్నా? పురుగుల మందు గూడా రాయకపోతివా?"

"బొమ్మ పోతే మీ ఇంటామె నీకు ఫోన్ చేసి ఏమంటాది? సిగ్నల్ బలం తగ్గిందంటాదా, చీమలు పడతాండాయంటాదా?"

చీమలు ఉండిపోయాయి.

పుస్తకం అచ్చుకు పోయేలోపల సెట్‌టాప్ పెట్టెలు వచ్చాయి. వాటిలో చీమలు పడవు, బొమ్మ గళ్లు గళ్లుగా పగులుతుంది. ఆయన గళ్లు అనే మాట చేర్చాడు. చీమల్ని మాత్రం తీయలేదు. "సచ్చిన మాటకు గూడా ఒక చోటు ఉండాల గదరా" అన్నాడు. మళ్లీ చానెళ్ల ధరల రూలు మారింది. మళ్లీ రాశాడు. "ఢిల్లీలో ఒకడు తుమ్మితే ఈడ నా పేజీలు ఎగిరిపోతాండాయి" అని ఒక్కసారే విసుక్కున్నాడు.

కడకు సంఘం వాళ్లే నంద్యాలలో అచ్చు వేయించారు. మొదటి పేజీల్లో చేతులు జోడించిన సంఘం పెద్దల ఫొటోలు. లోపల ఎక్కడో సన్న అక్షరాల్లో మా బావ పేరు. ఇదేంది బావా అని అడిగాను. ఆయన మాత్రం, "ఇబ్బందిలో ఉండేవాడు వాళ్ల మొగాలు చూడడులే" అన్నాడు.

నంద్యాలలో ఒక గ్రంథాలయానికి తనే ఒక ప్రతి ఇచ్చాడు. తర్వాత నన్ను వెంటబెట్టుకొని పోయి చూపించాడు. అట్ట లోపలి పేజీ మీద ఊదారంగు ముద్ర: ఇంటికి ఇవ్వబడదు.

"చూసినావా? ఎంత పెద్దోడు అడిగినా ఇంటికియ్యరంట. ఈడికొచ్చి, కూర్చోని సదవాల్సిందే."

గొప్పలు చెప్పుకోవడం ఆ మనిషికి తెలియదు. ఆ ముద్ర మీద మాత్రం వేలు పెట్టి కాసేపు అట్లే ఉంచాడు. ఆ తర్వాత నంద్యాలకు ఏ పని మీద పోయినా ఆ పుస్తకాన్ని చూడకుండా తిరిగి వచ్చేవాడు కాదు. పైన దుమ్ము ఉంటే తువ్వాలుతో తుడిచేవాడు. దుమ్ము ఎప్పుడూ ఉండేది.

"ఎవురన్నా తీస్తాండారా బావా?"

"తీస్తార్లే."

బావ పోయిన రోజు సంఘం వాళ్లు పూలదండతో వచ్చారు. నడిచే విజ్ఞాన సర్వస్వమని మైకులో చెప్పారు. మైకు పక్కన పెట్టినాక సంఘం పెద్ద నా చెవి దగ్గరకు వంగి అడిగాడు: "పెద్దాయన రాసిన పుస్తకం పేరేందన్నా?"

ఆ పుస్తకం మొదటి పేజీలో ఉన్నది ఈ సంఘం పెద్ద ఫొటోనే.

దినాలు అయినాక నంద్యాల గ్రంథాలయానికి పోయాను. ఆయన చెప్పినట్టు అక్కడే కూర్చొని కాసేపు చదువుదామనుకున్నాను. పుస్తకం ఉండే చోట పోటీ పరీక్షల పుస్తకాలు ఉన్నాయి. బల్ల దగ్గర ఉన్న ఆమెను అడిగాను. ఆమె వరండాలోకి పోయి, పురికొస కట్టిన కట్టల్లో వెతికి, మా బావ పుస్తకాన్ని లాగి తెచ్చింది.

"పాతబడినవి తీసేస్తాండాం పెద్దాయనా. ఇందులో ఉండే రూల్స్ ఇప్పుడు లేవంట. కావాలంటే ఇంటికి తీసకపో. మళ్లా తెచ్చే పన్లేదు."

మంచి మనసుతోనే అంది. పైన దుమ్ము కూడా తనే చీర కొంగుతో తుడిచి ఇచ్చింది.

ఆళ్లగడ్డ బస్సులో పుస్తకాన్ని ఒడిలో పెట్టుకున్నాను. చీమలు ఉన్నాయో లేవో చూద్దామని అట్ట తెరిస్తే ముందు ఆ ముద్రే కనబడింది. ఎవరూ దాన్ని కొట్టివేయలేదు. పక్క సీటు మనిషి ఇటు చూస్తున్నాడు. దొంగతనంగా తీసుకుపోతున్నాననుకుంటాడేమోనని దాని మీద అరచెయ్యి పెట్టుకున్నాను. ఆళ్లగడ్డ వచ్చేదాకా తీయలేదు.