క్లిక్కుమనని కెమెరా

నా చిన్నప్పుడు తీసిన ఏ ఫోటోలోనూ నాకు సరైన ముఖం లేదు. అందరూ నిటారుగా నిలబడి ఉంటారు, మధ్యలో నేను సగం చెరిపిన పలకలా మసకగా ఉంటాను. కుదురు లేని పిల్లనని అమ్మ వీపు మీద ఒకటి వేసేది. ఆ ఫోటోలు తీసేది మా చిన్నాయనే. మార్కాపురంలో తాతయ్య పలకల దుకాణం పక్కనే ఆయన స్టూడియో ఉండేది.

ఆ చిన్నాయనకు సినిమా కెమెరా మీద మనసు పడింది. మద్రాసులో ఒక కెమెరామన్ ఆయన్ను సహాయకుడిగా చేర్చుకుంటానన్నాడు. తాతయ్య ససేమిరా అన్నాడు. నడుస్తున్న స్టూడియోకి తాళం వేసి, ఇంకొకరి పెట్టెలు మోయడానికి పోతావా అని ఆయన కోపం. "ఫోటో అయితే గోడకు తగిలిస్తారు. కదిలే బొమ్మను ఏడ తగిలిస్తావురా?" అని దుకాణానికి వచ్చినవాళ్ల ముందే ఎగతాళి చేసేవాడు.

ఒక ఆదివారం చిన్నాయన కనిగిరి స్నేహితుణ్ణి అడిగి వీడియో కెమెరా తెచ్చాడు. తాను చేయబోయే పనేమిటో చూపిద్దామని ఇంట్లోవాళ్లందరినీ వాకిట్లోకి పిలిచాడు. మావాళ్లు అలవాటు కొద్దీ వరసగా నిలబడి, ఊపిరి బిగబట్టారు. "నడవండి, మాట్లాడండి" అని ఆయన మొత్తుకున్నాడు.

"ముందు క్లిక్కుమననీరా. కదిలితే చెడిపోతాది" అంది నాయనమ్మ, పెదవులు కదపకుండానే.

అది క్లిక్కుమంటే కదా! నేనిక ఆగలేక తాతయ్య చేతికర్ర లాక్కుని వాకిలంతా పరుగెత్తాను. అమ్మ కళ్లతోనే ఉరిమింది.

సాయంత్రం అందరం టీవీ ముందు కూర్చున్నాం. అబ్బో, ఏం చెప్పను! మావాళ్లంతా దండ వేయడమే తరువాయి అన్నట్టున్నారు. వాళ్ల ముందు నేనొక్కదాన్నే నవ్వుతూ పరుగెడుతున్నాను. నా ముఖం మొదటిసారి స్పష్టంగా కనబడింది. ఇన్నాళ్లూ తిన్న దెబ్బలన్నీ దండగే కదా అని నాకు ఒళ్లు మండింది.

నాయనమ్మ కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. తాతయ్య నవ్వలేదు. "పోయినావంటే మళ్లీ ఈ గడప తొక్కొద్దు" అన్నాడు.

చిన్నాయన గొంతు పెంచలేదు. "ఇన్నాళ్లూ ఊరందరినీ కదలొద్దని కూర్చోబెట్టినా నాయనా. ఇంక నన్ను కూర్చోబెట్టొద్దు" అన్నాడు. మర్నాడు పొద్దున్నే బయలుదేరుతూ నా తల నిమిరి, "నువ్వు మాత్రం కుదురుగా ఉండబాకు" అని చెప్పి వెళ్లాడు.

కొన్నేళ్లకు ఆయన పనిచేసిన సినిమా మా ఊరి హాలుకు వచ్చింది. తాతయ్య పంతం వదలలేదు. నాయనమ్మ మాత్రం ఆయన కళ్లముందే చెప్పులేసుకుని, నా చెయ్యి పట్టుకుని ఆటకు బయలుదేరింది.

ఇప్పుడు మనవలు ఫోన్ ఎత్తి, "కదలకు అవ్వా" అంటారు. కొడుకేమో ఈ వయసులో ఊళ్లు తిరగడమెందుకు, ఒక మూల కూర్చోరాదా అంటాడు. నేను కూర్చోను. దండ వేసినప్పుడు ఎటూ కదలను కదా, అప్పుడు తీసుకోండిరా మీకు కావలసినన్ని ఫోటోలు!