బొల్లిమేక వెనకాల

మఠంపల్లి దగ్గర గొర్లు కాసే రేణుకమ్మకు యాభై ఎనిమిదేళ్లు. ఆమె మందలో నలభై గొర్లు, ఒకే ఒక ముసలి మేక. దాని పేరు బొల్లి. మేక ముందు నడిస్తేనే గొర్లు ధైర్యంగా వెనక నడుస్తాయట, అందుకే మందకో మేకను పెడతారట. ఇదంతా నాకు మొన్నటిదాకా తెలియదు. కోదాడ బడిలో వ్యాయామం మాస్టారిని. మెడలో విజిల్, నాకు తెలియనిది లేదన్న నమ్మకం, ఇంతే నా ఆస్తి.

జనవరిలో తొమ్మిదో తరగతి పిల్లలను అక్కడి గుట్ట ఎక్కించాం. ఎక్కడం హాయిగానే సాగింది. దిగేటప్పుడే, సైన్స్ చెప్పే దీప వాలుబండ మీద కూర్చుండిపోయింది. పక్కన రెండు నిలువుల లోతు. చేతులు రాతికి అతుక్కున్నాయి. పిలిస్తే పలకదు. నేను కింద నుంచి విజిల్ ఊది, "ఎడమ కాలు పెట్టండి మేడం, ఎడమ కాలు!" అని అరిచాను. పిల్లలూ అందుకున్నారు. దీప కాలు కదిపింది, జారింది, ఎలాగో నిలదొక్కుకుంది. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

అరుపులు విని రేణుకమ్మ వచ్చింది, వెంట బొల్లి.

"సారూ, ఆ పీక జర బంద్ చెయ్. బెదిరిన జీవం మీద ఒర్రితే దునుకుతది. ఒకపారి గిట్లనే ఒర్రి సూడి గొర్రెను పోగొట్టుకున్న."

నాకు ఒళ్లు మండింది. అయినా ఊదడం ఆపాను.

ఆమె మేకతో పైకెక్కింది. దీపను ముట్టుకోలేదు. కాస్త ఎడంగా కూర్చుంది.

"బిడ్డా, పొద్దుగాల ఏం తిన్నవ్?"

ఆమె మళ్లీ అడగలేదు, మేక వీపు నిమురుతూ కూర్చుంది. చాలాసేపటికి దీప గొంతు వినిపించింది.

"ఉప్మా."

"ఉప్మానా! గది తిని గుట్టెక్కితే కాళ్లు వణకక ఏం జేస్తయ్?"

దీప నవ్విందో, ఏడ్చిందో.

"ఇగ బొల్లి మీద చెయ్యెయ్. అది యాడ కాలు పెడితే నువ్వు గాడ్నే పెట్టు. కిందికి సూడకు."

పావుగంట పట్టింది. నేల మీద కాలు పెట్టగానే దీప ఆమెను గట్టిగా పట్టుకుని వదల్లేదు. పిల్లలు చప్పట్లు కొట్టారు. నాకు కళ్లు తడిశాయి, చెప్పుకోవడానికి సిగ్గేం లేదు.

"మీకు భయం వెయ్యలేదా అమ్మా?" అన్నాను.

ఆమె నేల మీద కూలబడింది. "నా కాళ్లు సూడు సారూ, ఎట్ల వణుకుతున్నయో. ఆ బిడ్డ ముంగట వణికితే ఎట్ల? గందుకే ఇప్పటిదాంక ఆపిన."

నేను విజిల్ తీసి జేబులో వేసుకుని ఆమె పక్కనే కూర్చున్నాను. నా కాళ్లూ ఆగడం లేదు.