రెండూ దాపటివే

సౌష్ఠవం అనే మాటను నేను చెవితో విన్నది ముందు, కంటితో చదివింది చాలా తర్వాత. ఎడ్ల పోటీల దగ్గర జతను బరిలోకి తోలగానే మైకు పట్టుకున్నవాడు గొంతు సవరించుకుని, అంగసౌష్ఠవంలో ఈ జతకు సాటి లేదని అరిచేవాడు. మూపురం చూసినా అదే మాట, గంగడోలు చూసినా అదే మాట. ఒళ్లంతా నిండుగా, పొంకంగా, వంక పెట్టటానికి వీల్లేకుండా ఉంటే దాన్ని అలా అంటారు కాబోలని నాకు నేనే అర్థం చెప్పుకున్నాను. అది తప్పేమీ కాదు. నిఘంటువులోనూ అలాగే ఉందని తర్వాత మా కోడలు చెప్పింది.

అక్షరాలు నాకు ముసలితనంలో వచ్చాయి. మా కోడలు సాయంత్రాలు వసారాలో పిల్లలకు ట్యూషన్ చెబుతుంది. మోకాళ్లు పోయి చేలో పని తగ్గాక నేను ఆ పిల్లల వెనక మంచం వేసుకుని కూర్చునేవాణ్ణి. మొదట్లో పొద్దుపోక కూర్చున్నాను, తర్వాత పలక అడిగి తీసుకున్నాను. పిల్లలు నవ్వారు. నవ్వితే నాదేం పోయింది? బస్సు బోర్డులు, ఎరువు బస్తాల మీద పేర్లు, గోడల మీద రాతలు చదవటం వచ్చింది. కానీ ఒకటుంది. ఏదైనా రాత చదవలేకపోతే తప్పు ఆ రాతదేమో అని అనుమానించే ధైర్యం చిన్నప్పుడు బడికెళ్లినవాళ్లకే ఉంటుంది. నాకు లేదు. నా అనుమానమంతా నా మీదే.

ఒకరోజు కోడలు లెక్కల పుస్తకం తెరిచి బోర్డు మీద సౌష్ఠవం అని రాసింది. ఆ ష కింద ఠ దగ్గర కాసేపు ఆగి, కూడబలుక్కుని చదివాను. ఇది ఎడ్ల మాట కదమ్మా, లెక్కల్లోకి ఎందుకొచ్చిందని అడిగాను. ఆమె కాగితం మీద సిరా చుక్క వేసి, మధ్యకు మడిచి, వేలితో అదిమి, విప్పి చూపించింది. రెక్కలు చాచిన గబ్బిలంలాంటిది ఒకటి తయారైంది. నడుమ మడత ఉన్న చోట గీత గీసి, దీన్ని సౌష్ఠవ రేఖ అంటారని చెప్పింది. గీతకు ఈ పక్కనున్నది ఆ పక్కనా ఉండాలి, మడిస్తే ఒకదాని మీద ఒకటి అచ్చంగా పడాలి. మనిషి ముఖం, తమలపాకు, వీధి తలుపు రెక్కలు, అన్నీ చెప్పింది. ఏ అక్షరాలు మడతకు కుదురుతాయో వెతకమంటే పిల్లలు ఇంగ్లీషులో బోలెడు తెచ్చారు. తెలుగులో సున్నా తప్ప ఒక్కటీ లొంగలేదు.

నాకు మాత్రం ఆ గీతను చూడగానే కాడి గుర్తొచ్చింది. నడుమ నొగ కర్ర, అటొక ఎద్దు, ఇటొక ఎద్దు. వెనక నిలబడి తోలేవాడికి ఎడమ చేతి పక్కది దాపటిది, కుడి చేతి పక్కది ఎలపటిది. కోడెగా ఉన్నప్పుడు ఏ పక్కన మరిపితే, అంటే కాడికి అలవాటు చేస్తే, అది బతికినన్నాళ్లూ ఆ పక్కనే నడుస్తుంది. ఇవి మాకు బడి చెప్పిన సంగతులు కావు. అన్నం ఏ చేత్తో తింటామో తెలిసినట్టు తెలుసు.

మాకూ ఒక జత ఉండేది. పోటీల ఎడ్లు కావు, మిరప సాళ్ల మధ్య కలుపు తీసే గుంటక తోలుకునే ఎడ్లు. దుక్కి పని ట్రాక్టరు చేస్తోంది కాబట్టి మా అబ్బాయి వాటిని ఉంచింది నా పోరు పడలేకే. ఆ ఏడు వానలకు ముందు ఎలపటిది తాడు తెంపుకుని, పక్క చేలో కోసిన జొన్న మోళ్లకు వచ్చిన చిగురు మేసింది. ఆ లేత చిగురు విషం. పశువుల డాక్టరు బండి దిగేసరికి కాళ్లు చాచేసింది.

మా అబ్బాయి తిట్టలేదు, అరవలేదు. దాన్ని పూడ్చి వచ్చి, కాళ్లు కడుక్కుంటూ చెప్పాడు.

"నాయనా, జోడు దొరికితే ఉంచుదాం. ఈ మిరప అయ్యేలోపల దొరక్కపోతే దీన్నీ తోలేద్దాం. మిషను కోతలొచ్చాక గడ్డి యాడుంది? ఒంటిదాన్ని నిలబెట్టి మేపాలంటే నావల్ల కాదు."

తోలేద్దాం అంటే ఎక్కడికని ఇంట్లో ఎవరూ అడగలేదు. పళ్లరిగిన ఒంటెద్దును సేద్యానికి ఎవడూ కొనడు. కొనేవాళ్లు వేరే ఉంటారు.

ఒంటెద్దు గుంటక ఒకటి అరువు తెచ్చి, నాటిన చేలో కట్టి చూశాను. అది నడిచింది, కానీ జతలో నడిచిన నడకే నడిచింది. కుడి పక్క జోడుకు చోటు వదిలి, తాను ఎడమకు జరిగి, ఆ సాలులో మొక్కలన్నీ తొక్కుకుంటూ పోయింది. పగ్గం లాగితే ఆగి నా వంక చూసింది. అదిలిస్తే మళ్లీ అలాగే. గట్టు మీద నుంచి చూస్తున్న మా అబ్బాయి దిగి, తొక్కిన మొక్కలు నాలుగు ఏరుకుని ఇంటికి పోయాడు. తిట్టినా బాగుండేది.

ఇక జోడు కోసం రాజుపాలెం, పెదకూరపాడు పక్క ఊళ్లన్నీ వాకబు చేశాను. ఎలపటిది దొరికితే ఎత్తు కుదరదు, ఎత్తు కుదిరితే నడక కుదరదు. చివరికి కృష్ణ అవతల నుంచి మా అబ్బాయి ఫోనుకు ఒక వీడియో వచ్చింది. ఒక కుర్రాడు ఫోను తన ముఖానికి ఎదురుగా పట్టుకుని, నవ్వుతూ ముందుకు నడుస్తున్నాడు, అతని వెనకాల కాడి కట్టిన జత మనకు ఎదురుగా వస్తోంది. అందులో నొసట నల్ల మచ్చ ఉన్నదాన్ని అమ్ముతారట, ఆ వీడియో తీశాక దాని జోడు పాము కరిచి పోయిందట. ఆ వీడియోను ఎన్నిసార్లు చూశానో. మా ఆవిడ బియ్యం ఏరుకుంటూ, "ఏమయ్యా, పెళ్లిచూపులప్పుడు నన్ను గూడా ఇంతసేపు చూళ్లేదు గదా" అంది.

మా ఊళ్లల్లో ఎద్దును కొనేటప్పుడు అది ఏ పక్కదని అమ్మేవాణ్ణి అడగరు. అడిగితే మనకు కావాల్సిందేదో వాడికి తెలిసిపోతుంది, అదేనంటాడు. కాడికి కట్టి ఉండగా మన కళ్లతో మనం చూసుకోవాలి. నేనూ అదే చేశాను. ఎదురుగా వచ్చే జతలో ఎలపటిది మనకు ఎడమ చేతి పక్కన కనపడుతుంది. నల్ల మచ్చది అక్కడే ఉంది. ఎత్తు, రంగు, కొమ్ముల వంపు, అన్నీ మా దానివే.

ఆ జత వెనకాల ఒక గోడ, దాని మీద నీలం రంగు అక్షరాలు కూడా కనపడ్డాయి. చదువుదామని చూశాను. ఒక్కటీ పోల్చుకోలేకపోయాను. అవతలి ఒడ్డున కూడా తెలుగే కదా అనిపించింది. అయినా నా చదువు వసారాలో బోర్డు మీద నిలబడ్డ అక్షరాల పాటిదే, కదిలే బొమ్మలో అందుకునే పాటిది కాదనుకున్నాను. కోడల్ని పిలిచి చదవమందామంటే సిగ్గేసింది. నాకు కావాల్సింది ఎద్దు, గోడ కాదని సర్దిచెప్పుకున్నాను.

నా మోకాళ్లతో అంత దూరం పోలేక మా అబ్బాయినే పంపాను. బండిలో తెచ్చి మా దాని పక్కన కట్టేస్తే, బజారున పోయేవాళ్లు ఆగి చూశారు. ఒకదాన్ని చూసి ఇంకొకదాన్ని పోతపోసినట్టు ఉన్నాయి. పక్కింటాయన అరచెయ్యి మైకులా నోటికి అడ్డం పెట్టుకుని, "అంగసౌష్ఠవంలో ఈ జతకు సాటి లేదహో" అన్నాడు. అందరం నవ్వాం. మా అబ్బాయి కూడా నవ్వాడు. ఆ మధ్యాహ్నం నేను కడుపునిండా తిన్నాను.

మర్నాడు పొద్దున చేలో కాడి ఎత్తాను. మాది అలవాటు ప్రకారం తన పక్కకు వచ్చి మెడ వంచింది. కొత్తదాన్ని ఎలపటకు పట్టుకొచ్చాను. అది కాడి వాసన చూసి, వెనక్కి తగ్గి, నన్ను నెట్టుకుంటూ వెనకాల నుంచి చుట్టు తిరిగి, మా దాని పక్కకే వచ్చి నిలబడింది. మళ్లీ పట్టుకొచ్చాను. మళ్లీ అంతే. కాడికి ఒకే పక్కన రెండూ మెడలు వంచి, కట్టించుకోవటానికి సిద్ధంగా నిలబడ్డాయి. ఎలపట కొస ఖాళీగా నేలకు ఆనుతోంది.

దానిదీ తప్పు లేదు. తన చోటు అదేనని దానికి తెలుసు.

మా అబ్బాయి అమ్మినాయనకు ఫోను చేశాడు. ఆయన మోసగాడేం కాదు. తమది మొదటి నుంచీ దాపటిదేనని, మీరు అడిగితే చెప్పేవాళ్లం కదా అని అన్నాడు. మరి వీడియోలో ఎలపట ఉంది కదా అని మావాడు గొంతు పెంచాడు. ఆయనకు ఆ మాటే అర్థం కాలేదు.

అప్పుడు కోడలు ఫోను తీసుకుని వీడియో పెట్టింది. గోడ దగ్గర ఆపి, కాసేపు చూసి, లేచి వెళ్లి బీరువా అద్దం ముందు పట్టుకుంది.

"మావయ్యా, ఇటొచ్చి అద్దంలో చదవండి."

చదివాను. ఇచ్చట ఎరువులు, పురుగుమందులు లభించును. తడుముకోకుండా చదివాను.

"సెల్ఫీ తీస్తే కొన్ని ఫోన్లు అంతే మావయ్యా. అద్దంలో మాదిరి తిప్పేస్తయ్. ఎడమది కుడి, కుడిది ఎడమ. అక్షరాలు చదవలేకపోయినప్పుడు నన్నొక్క మాట..."

ఆమె ఫోను మావాడికి ఇచ్చేసింది. నేను నా మంచం దగ్గరికి పోయాను. కాగితం మడతలో రెండు సగాలు ఒకటే అనుకున్నాను గానీ, అవి ఒకదానికొకటి ఎదురు. ఆ ఎదురు ఉంటేనే మడతకు కుదురుతాయి. అచ్చం ఒకలాగే ఉన్న రెండింటిని పక్కపక్కన పెట్టినంత మాత్రాన జత కాదు. ఆ సంగతి కాడి దగ్గర నాకు ఎప్పటి నుంచో తెలుసు. ఫోను దగ్గర తెలియలేదు.

పక్క మార్చి మరపాలని చూశాం. కొత్తదాన్ని ఎలపటకు కట్టి ఖాళీ కాడితో చెరువు గట్టు మీద తిప్పాం. నాలుగడుగులు వేసి పడుకునేది. తోక మెలిపెట్టినా లేవదు. పోనీ మా దాన్ని మారుద్దామని చూస్తే, ఈ వయసులో నన్ను ఎడమ చేత్తో అన్నం తినమన్నట్టే ఉంది. కాడి కింద వణికింది. ఆ వణుకు చూశాక నేనే ఊడదీశాను. ఈలోపు చేలో కలుపు మోకాలెత్తు పెరిగి, మా అబ్బాయి కూలీలను పెట్టుకున్నాడు.

తర్వాత క్రోసూరు నుంచి ఒకాయన వచ్చాడు. ఆయన దగ్గర ఒంటి ఎలపటిది ఉంది, దాపటిది కావాలి. మా కొట్టంలో రెండు దాపటివి ఉన్నాయని ఎవరో చెప్పారట. ఈ మాట వినగానే మంచం మీద నుంచి లేచాను. మా దాన్ని ముందుకు తెచ్చి నిలబెట్టాను. నడక చూపించాను. పొడవదు, తన్నదు, పిల్లలు పట్టుకున్నా వస్తుందని చెప్పాను. ఆయన మర్యాదగా అంతా విన్నాడు. ఆ తర్వాత రెండింటి మూతులూ ఎత్తి పళ్లు చూశాడు.

"నువ్వు చెప్పింది అబద్ధమని కాదు బాబాయ్," అన్నాడు. "దీని పళ్లు అయిపోయినయ్. నా దానితో ఇది ఎన్నాళ్లు నడుస్తది? మళ్లీ నేనొచ్చి నీలాగే తిరగాలి."

నల్ల మచ్చదాన్ని తోలుకుపోయాడు. మా అబ్బాయిని అనటానికి ఏముంది? చెప్పిన గడువు దాకా ఆగాడు.

మిరప కోతలు అయ్యాక ఒక పొద్దున చిన్న లారీ వచ్చింది. బల్ల వేసి పట్టుకుంటే మాది పేచీ లేకుండా ఎక్కింది. ఎక్కి, ఎడమ కమ్మీకి ఆనుకుని నిలబడింది. కుడి పక్కన ఇంకొక ఎద్దు పట్టేంత చోటు.

"పెద్దాయనా, దాన్ని నడిమికి జరపండి. బండి ఒక పక్కకి వాలతంది," అన్నాడు డ్రైవరు.

నన్నూ పైకి ఎక్కించమని, దాని మెడ మీద చెయ్యి వేసి నెట్టాను. ఒక అడుగు జరిగింది. చెయ్యి తీయగానే మళ్లీ కమ్మీ దగ్గరికి పోయింది. మా అబ్బాయి నెట్టాడు. మళ్లీ అంతే. డ్రైవరు టైర్ల వంక చూసి, మా ఇంటి ముందు పడున్న ఇసుక బస్తాలు అడిగాడు. ఆ ఖాళీలో వేసుకుంటే బరువు సరిపోతుందన్నాడు. అందుకోవటానికి అతను పైకి ఎక్కాడు, మా అబ్బాయి కింద ఒక కొస పట్టుకున్నాడు. రెండో కొసకు మనిషి లేడు.

నేను దిగి పట్టుకున్నాను. బస్తాలు వేశాక బండి సమంగా నిలబడింది.